తొంభయ్యారన్న

మొన్న శుక్రవారం పొద్దున దోహా పక్కన లుసైల్‌లో పరుగు పందెమని రోడ్డు మూసేశారు. సెలవు రోజు కూడా డ్యూటీ ఉన్నవాళ్ళకి అన్నం డబ్బాలు పట్టుకెళ్తున్న మా మెస్ వ్యాను అడ్డకంచెల దగ్గర ఆగిపోయింది. నేను క్యాంపు మెస్‌లో వంటవాణ్ణి. అన్నం ఆలస్యమైతే తిట్లు నాకే గాని పందెం పెట్టినవాళ్ళకి కాదు. అందుకని నా ముందు నుంచి పరిగెత్తే ప్రతివాణ్ణీ మనసులో తిట్టుకుంటూ నిలబడ్డాను. వాళ్ళంతా వెళ్ళిపోయాక కంచెలు తియ్యడం మొదలుపెట్టారు. కాగితం గ్లాసులు ఊడ్చే బండి కూడా వచ్చేసింది.

వ్యాను ఎక్కబోతూ చూశాను. దూరంగా ఒక ఆడమనిషి ఇంకా వస్తోంది. పరుగని పేరే గాని కాళ్ళు ఈడ్చుకుంటూ నడుస్తోంది. ఆమె ముందు ఎవరూ లేరు. వెనక కంచెలు తీసేవాళ్ళు ఆమె ఎప్పుడు దాటుతుందా అని విసుగ్గా చూస్తున్నారు. మా వ్యాను డ్రైవరు యల్లా, యల్లా, పద పద అని హారన్ కొడుతున్నాడు. పప్పు చల్లారుతోందని తెలిసీ ఆమె మలుపు తిరిగేదాకా నేను కదల్లేకపోయాను. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. డ్రైవరు చూసి ఎండ అనుకున్నాడు కాబోలు, నల్ల కళ్ళద్దాలు తీసిచ్చాడు.

తొంభయ్యారన్న పోయి రెండు వేసవులైంది.

ఆయనకి అమ్మానాన్నలు పెట్టిన పేరొకటి ఉండేది. కంపెనీ కార్డు మీద అది ముందుది వెనక్కీ వెనకది ముందుకీ పడింది. దాన్ని సరిచేయించాలని ఆయనా అనుకోలేదు, కంపెనీవాళ్ళూ అనుకోలేదు. క్యాంపులో ఎవర్ని అడిగినా తొంభయ్యారన్న అంటేనే తెలుస్తుంది. పద్దెనిమిది వందల తొంభై ఆరు ఆయన ఇష్టదైవం. గ్రీకుల దేశంలో, ఏథెన్సులో, ఏనాడో ఆగిపోయిన ఒలింపిక్ ఆటలు మళ్ళీ మొదలుపెట్టిన ఏడాది అది. జగిత్యాల వైపు ఒక పల్లెలో, వాన పడి మైదానం బురదైన రోజుల్లో, డ్రిల్లు సారు పిల్లల్ని వరండాలో కూచోబెట్టి ఆ ఏడాది ఆటలన్నీ కథలుగా చెప్పేవాడట. ఈయన ఏడో తరగతితో బడి మానేశాడు. ఆ ఏడాదిని మాత్రం మానలేదు.

క్యాంపులో ఏ ఆట గురించి మాటొచ్చినా ఆయన తుది తీర్పు ఒకటే. గదంత తొంభయ్యారులనే అయిపోయింది. క్రికెట్ చూస్తూ కుర్రాళ్ళు ఫోన్ల మీద పడి కొట్టుకుంటుంటే, మనదేశం రాజకుమారుడొకాయన ఇంగ్లండోళ్ళ తరఫున బ్యాటు పట్టి ఉతికి ఆరేసింది కూడా ఆ ఏడే అని అడ్డం వచ్చేవాడు. ఈతపోటీ మాటొస్తే, చలికాలం వదలని సముద్రంలోకి పడవల మీదనుంచి దూకించారని చెప్పి తానే వణికేవాడు. సైకిలు మాటొస్తే, పొద్దుగూకేదాకా తొక్కే పందెంలో చివరికి ఇద్దరే మిగిలారని చెప్పి మోకాళ్ళు పట్టుకునేవాడు. ప్రపంచమంతా ఫుట్‌బాల్ కోసం ఈ ఊరి మీద పడిన ఏడాది కూడా ఆయన తొణకలేదు. లుసైల్ స్టేడియానికి వెళ్ళే దారిలో అంచురాళ్ళు పరిచినవాళ్ళలో ఆయనొకడు. ఆట చూడాలని లేదా అని అడిగితే, రాళ్ళు సూసిన గదా చాలు అన్నాడు.

మా ఇద్దరికీ పరిచయమే తగువుతో అయింది. నాది కోనసీమ. వచ్చిన కొత్తలో పప్పుచారులో చిటికెడు బెల్లం వేశాను. ఆయన గిన్నె పట్టుకుని వంటింటి కిటికీ దగ్గరకొచ్చి, ఇది చారా పాయసమా అని అడిగాడు. మీకు నచ్చకపోతే మజ్జిగ పోసుకోండి అన్నాను నేను. ఆయన వెనక్కి తిరిగి చూశాడు. నువ్వు ‘మీకు’ అంటున్నవ్, నా ఎనుక ఇంకెవలన్న నిలవడ్డరా అని సూస్తున్న అన్నాడు. నాకు నవ్వాగలేదు. మర్నాటి నుంచి బెల్లం మానేశాను గాని మీరు అనడం మానలేదు. ఆయన నన్ను తమ్మీ అనేవాడు.

ఆయనలో నాకు నచ్చనిది ఒకటుండేది. ఆడవాళ్ళని చూసేవాడు. బస్సులో కిటికీ పక్కనే కూచుంటానని పట్టుబట్టేవాడు. బస్టాపులో, పెద్దాసుపత్రి గేటు దగ్గర, అల్ దోహా అల్ జదీదాలో కొట్ల ముందు, ఏ ఆడమనిషి కనబడినా మెడ చాచి ముఖంలోకి చూసేవాడు. పైగా శుక్రవారం పొద్దున్నే స్నానం చేసి చర్చీలుండే చోటికి పోయి గేటు బయట నిలబడేవాడు. ఇళ్ళల్లో పనిచేసే మన ఆడవాళ్ళు వారానికొకసారి బయట కనబడేది అక్కడే. మల్లన్న దేవుడి భక్తుడికి చర్చీ గేటు దగ్గరేం పనని క్యాంపులో గుసగుసలాడుకునేవారు. అల్ ఘర్రాఫాలో ఒక విల్లాకి కారు నడిపే రాయచోటి అతను నా దగ్గరికి ఊరగాయ కోసం వస్తుండేవాడు. అతనొకసారి ఉండబట్టలేక అనేశాడు.

“ఆయప్పకి చెప్పన్నా. ఆడోళ్ళని అట్ల సూచ్చాండాడు. పోలీసోళ్ళు పట్టుకుంటే మనమేం చెప్పుకుంటాం?”

చెప్పాలనే అనుకున్నాను. కానీ ప్రతి శుక్రవారం మధ్యాహ్నం ఆయన వంటింటి మెట్ల మీద కూచుని ఊళ్ళో ఉన్న తల్లికి ఫోన్ చేసేవాడు. ఆ మాటలు వింటే అలాంటి మనిషని నమ్మబుద్ధి అయ్యేది కాదు. అవ్వా తిన్నవా అని మొదలుపెట్టి, వెంటనే చెల్లెలి కబుర్లలోకి దిగేవాడు. చెల్లె పొద్దున కనవడ్డది. మంచిగున్నది. ఒళ్ళు చేసింది. పనిచేసే ఇంటోళ్ళు మంచోళ్ళు, పండుగకు కొత్త బట్టలు పెట్టిన్రు. నిన్ను అడిగిందవ్వా. ఇలా చెప్పుకుంటూ పోయేవాడు. అటువైపు ముసలావిడ ఆ ఆ అంటూ వినేది. చెల్లెలు ఇదే ఊళ్ళో ఉందన్నమాట, పొద్దున్నే గేటు దగ్గరకి వెళ్ళేది ఆమె కోసమన్నమాట అనుకుని, ఆయన్ని అనుమానించినవాళ్ళందరి మీదా నాకు కోపమొచ్చింది.

ఒక వారం చేపలు బాగా వచ్చాయి. చెల్లెమ్మని ఒకసారి తీసుకురండి, మా గోదావరి పులుసు ఎలా ఉంటుందో తినిపిద్దాం అన్నాను. ఆయన కంచం కడుగుతున్నాడు. కడిగిన కంచాన్నే మళ్ళీ మళ్ళీ కడిగాడు. కుళాయి కట్టేసి అప్పుడన్నాడు.

“ఆమె ఏడున్నదో నాకు తెల్వదు తమ్మీ.”

తర్వాత చెప్పిన సంగతంతా కలిపితే ఇంతే. చెల్లెలి భర్త చనిపోయాక ఒక ఏజెంటు ఆమెని ఇంటిపనికి పంపాడు. ఎక్కడికంటే దుబాయ్. ఊళ్ళో ఎవరు ఏ దేశం పోయినా దుబాయే. కొన్నాళ్ళు ఎవరి ఫోన్లోంచో మాట్లాడింది. తర్వాత ఆ నెంబరు మూగబోయింది. ఏజెంటు ఊరొదిలి పోయాడు. అప్పుడీయన నేను పోయి తీసుకొస్తానని తల్లికి మాటిచ్చి, దుబాయ్ అని చెప్పి ఎవరో ఇప్పించిన వీసా మీద విమానం ఎక్కాడు. దిగి క్యాంపు బస్సెక్కాక పక్కవాణ్ణి దుబాయ్‌లో తెలుగువాళ్ళు ఎక్కడుంటారని అడిగితే, ఇది దోహా అన్నా, దుబాయ్ వేరే దేశం అని వాడు నవ్వాడట. చెల్లెలు దుబాయ్‌లోనే ఉందో, కువైట్‌లో ఉందో, మస్కట్‌లో ఉందో, అసలు ఈ ఊళ్ళోనే ఉందో చెప్పేవాడు లేడు. ఏ దేశమో తెలియకుండా ఏ దేశంవాళ్ళకి అర్జీ పెడతాం?

“ఊర్ల ఉన్నప్పుడు ఒక్కటే దుబాయ్ తమ్మీ. ఈడికొచ్చినంక సూస్తే ఎన్ని దుబాయిలో,” అన్నాడు.

తల్లికి ఆ సంగతి చెప్పలేకపోయాడు. మొదటిసారి ఫోన్ చేసినప్పుడు కనవడ్డదా అని ఆవిడ అడిగిందట. నోట్లోంచి ‘కనవడ్డది’ అనే మాట దానంతటదే వచ్చిందట. ఇక అప్పట్నించీ వారం వారం చెల్లెలు కనబడుతూనే ఉంది. నాకు ఆయన మీద జాలీ కోపమూ రెండూ కలిగాయి. ముసలావిడని అలా మోసం చేయొచ్చా అన్నాను. తెచ్చి ముంగట నిలవెడితే మోసమెట్లయితది అన్నాడు. ఆయనకి ఇక్కడ కావలసింది అదొక్కటే. చెల్లెల్ని తీసుకెళ్ళి తల్లి ముందు నిలబెట్టాలి. ఆ పని కాకుండా ఊరి మొహం చూడనని సెలవులు కూడా వదులుకున్నాడు.

ఇక శుక్రవారాలు ఆయన మెస్‌లో చెప్పే కథల సంగతి. ఆయనది ఒగ్గు కథ చెప్పే ఇల్లు. తండ్రి డోలు మీద మల్లన్న కథ ఎత్తుకుంటే చుట్టుపక్కల ఊళ్ళు కదిలొచ్చేవట. భోజనాలయ్యాక కుర్రాళ్ళు మల్లన్న కథ చెప్పన్నా అని ప్రాణం తీసేవారు. ఆయన ససేమిరా అనేవాడు. దేవుడి కథ ఎత్తాలంటే నేల మీద రంగుపొడులతో పట్నం అనే ముగ్గు వెయ్యాలి, పసుపు బండారి చల్లాలి. ఇక్కడ యాడేద్దాం పట్నం, ఖుబూస్ రొట్టెల కవర్ల నడుమనా అని నవ్వేవాడు. దేవుడు లేని కథకైతే పట్నం అక్కర్లేదు. అందుకని తొంభయ్యారు పరుగు కథ ఎత్తుకునేవాడు.

ఒగ్గు కథలో పక్కన అందుకునేవాడు ఒకడుండాలి. వంటింట్లోంచి ఆఖర్న బయటికొచ్చిన పాపానికి ఆ పని నా నెత్తిన పడింది. సరైన చోట ‘అటెన్క?’ అనాలి. నేను మొదటి రోజు ‘తర్వాతండీ?’ అన్నాను. మెస్ మెస్సంతా విరగబడి నవ్వింది. తుండు నడుముకి బిగించి, తొడ మీద అరచేత్తో తాళం వేస్తూ ఆయన మొదలుపెడితే మాత్రం నేను కూడా కోనసీమ మర్చిపోయేవాణ్ణి. మారథాన్ అనే ఊళ్ళో పరుగు మొదలవుతుంది. దేశదేశాల మొనగాళ్ళు ముందు దూసుకుపోతారు. వెనక ఒకడు వస్తుంటాడు. నీళ్ళు మోసి పొట్టపోసుకునేవాడు. ఫ్రాన్సువాడు పడిపోతాడు, అమెరికావాడు పడిపోతాడు, ఆస్ట్రేలియావాడు తూలి పడతాడు. ఒకడు కొంత దూరం దొంగతనంగా బండెక్కి మూడోవాడుగా వచ్చి దొరికిపోతాడు. అక్కడ అందరూ మా ఫోర్‌మాన్‌ని తల్చుకుని నవ్వేవారు. నీళ్ళు మోసేవాడు దారిలో ఒక ఊళ్ళో ఆగి కల్లు తాగి, ముందున్నోళ్ళు ఎంత దూరంల ఉన్నరు అని మీసం తుడుచుకుంటాడు. చివరికి వాడే గెలుస్తాడు. రాజు కొడుకులు పక్కన పరిగెత్తుతూ వస్తారు. ఏం కావాలో కోరుకో అంటాడు రాజు. నీళ్ళు మోసుకునేందుకు ఒక బండి, ఒక గాడిద ఇప్పియ్యుండ్రి అంటాడు వాడు.

ఈ మాట దగ్గర మెస్‌లో చప్పుడుండేది కాదు. ఆయన గొంతు దించి, బండెక్కి ఇంటికి పోయిండు, మల్ల ఎన్నడు ఉర్కలే అని ముగించేవాడు. అక్కడితో లేచేవాడు కాదు. పడిపోయినవాళ్ళని ఒక్కొక్కరినే తల్చుకుని, ఫ్రాన్సాయన ఇల్లు చేరిండు, అమెరికాయన ఇల్లు చేరిండు అని వరసగా చెప్పేవాడు. బండెక్కిన దొంగని కూడా ఇల్లు చేర్చేవాడు. ఎందుకన్నా ఈ హాజరుపట్టీ అని విసుక్కుంటే, వాళ్ళ నాన్న పెట్టిన కట్టుబాటు చెప్పాడు. కథలో ఉన్నవాళ్ళందరినీ ఇల్లు చేర్చాకే కథకుడు లేవాలి. ఒక్కరిని తొవ్వలో వదిలేసి లేస్తే, ఆ మనిషి వచ్చి కథకుడి ఇంటిముందు కూచుంటుంది.

నాకు సహజంగానే ఎదుటివాడి తప్పు పట్టుకుంటేగాని తోచదు. గ్రీకుల దేశంలో కల్లెక్కడిదని ఫోన్లో వెతికాను. తాగింది ద్రాక్షసారా అని దొరికింది. ఆ ఊర్ల దాన్నే కల్లంటరు అని ఆయన కొట్టిపారేశాడు. అయితే ఆ వెతుకులాటలో నాకు ఇంకో సంగతి కనబడింది. టీ తాగుతూ ఆయనకి చెప్పాను. ఆ పరుగులో ఒక బీద ఆడమనిషి కూడా పరిగెడతానని వచ్చిందట. చంకలో బిడ్డ. ఇంకో బిడ్డ చచ్చిపోయాడు. పరిగెత్తి పేరొస్తే ఎవరైనా పని ఇస్తారని ఆశ. ఆడదానివి కుదరదన్నారు. మగవాళ్ళకి దీవెనలిచ్చిన పూజారి ఆమెకి ఇవ్వనన్నాడు. మర్నాడు పొద్దున్నే అదే దారిలో ఆమె ఒక్కతే పరిగెత్తింది. తీరా మైదానం దాకా వస్తే లోపలికి రానివ్వలేదట.

ఆయన గ్లాసు కింద పెట్టాడు.

“ఇంటికి పోయిందా?”

తెలీదండీ, ఆ తర్వాత ఆమె ఏమైందో ఎక్కడా లేదు అన్నాను.

“ఉర్కినదాన్ని రాసిన్రు. ఇల్లు చేరిందో లేదో రాయలేదా?”

రాయలేదన్నాను. ఆయన గ్లాసు తీసుకున్నాడు. లేస్తూ, ఇన్నేండ్ల సంది ఆమెను తొవ్వల ఇడిచిపెట్టే లేస్తున్ననన్నట్టు అని గొణిగాడు. ఆ తర్వాత శుక్రవారం నుంచి కథ మారిపోయింది. నీళ్ళు మోసేవాడు తొందరగా గెలిచేసేవాడు. మర్నాడు పొద్దున దుమ్ములో ఒక్కతే పరిగెత్తే ఆమె మీదే కథంతా. బాగా చెప్పేవాడు. ఆమె చెప్పుల తోలు తెగడం, పొలాల్లో మనుషులు నిలబడి చూడటం, బిడ్డకి పాలవేళ దాటిపోవడం, అన్నీ కళ్ళకు కట్టేవి. మైదానం తలుపు దగ్గరకొచ్చేసరికి ఆగిపోయేవాడు. నేను అటెన్క అంటే, ఆయన దగ్గర అటెన్క ఉండేది కాదు. ఇయ్యాల్టికి ఈడనే ఆపుదం అని తుండు విప్పేసేవాడు. వినేవాళ్ళు పల్చబడ్డారు. ఈ ఏడుపుగొట్టు కథ మాకెందుకన్నా, గాడిద కథే చెప్పు అని కొందరు మొహమ్మీదే అడిగారు. ఆయన వినిపించుకోలేదు.

ఆ రోజుల్లోనే రాయచోటి డ్రైవరు ఒక కబురు తెచ్చాడు. అసలు సంగతి తెలిశాక అతనే అందరికంటే ఎక్కువ వెతికాడు పాపం. అల్ ఘర్రాఫాలో వాళ్ళ వీధి చివరి విల్లాలో ఒక తెలుగామె ఉంది, గడ్డం కింద మచ్చ ఉంది, సాయంత్రం చెత్తసంచి వెయ్యడానికి బయటికొస్తుంది. చెల్లెలి గడ్డం కింద చిన్నప్పుడు పడిన మచ్చ ఉందని ఆయన చెప్పి ఉన్నాడు. అతని కార్లో ఇద్దరం బయల్దేరాం. ఆయన గడ్డం గీసుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని, ఊరినుంచి ఎవరో తెచ్చిన సకినాలు సంచిలో పెట్టుకుని వచ్చాడు. దారంతా తొంభయ్యారు మాట కూడా లేదు.

గోడ నీడన నిలబడ్డాం. గేటు తెరుచుకుంది. నల్ల సంచి ఈడ్చుకుంటూ ఒకామె వచ్చింది. మచ్చ ఉంది. ఆయన రెండడుగులు ముందుకు వేసి ఆగాడు. ఆయన వీపు చూస్తేనే నాకు అర్థమైంది, ఆమె కాదు. ఆమె బెదిరిపోయి గేటు వైపు తిరిగింది. వెళ్ళిపోతుందనుకున్నాను. ఆయన మెల్లగా, చెల్లే తిన్నవా అని అడిగాడు. తెలుగు వినేసరికి ఆమె ఆగింది. ఎవరండీ మీరు అంది. ఆమెది మా వైపు యాసే. నా చెల్లె కోసం వచ్చిన, నువ్వనుకున్న అని చెప్పి ఆయన సంచి ఆమె చేతిలో పెట్టాడు. ఆమె దాన్ని తీసుకుని ఆయన ముఖంలోకి చూసింది.

“నా కోసమే ఎవరో వచ్చేరనుకున్నానండి,” అంది.

లోపల్నుంచి ఎవరో పిలిచారు. ఆమె గబగబా వెళ్ళిపోయింది. గేటు మూసుకున్నాక కూడా ఆయన అక్కడే నిలబడ్డాడు. డ్రైవరు చెయ్యి పట్టుకుని కార్లో కూచోబెట్టాడు. క్యాంపు దగ్గర దిగేటప్పుడు, పాపం ఆమెక్కూడ ఎవలో ఉంటరు తమ్మీ, ఆమె తమ్ముడు ఇంకేదో దుబాయ్‌ల దేవులాడుతుండచ్చు అన్నాడు. ఆ వారం ఆయన తల్లికి చెప్పిన కబుర్లు మామూలు కంటే ఎక్కువసేపు సాగాయి. చెల్లె సకినాలు తిన్నది, మస్తున్నయన్నది అని చెప్పడం నేను విన్నాను. వంటింట్లో నిలబడి ఏడ్చాను. దానికి సిగ్గుపడను.

తర్వాత ఎన్నో ముగింపులు కట్టి చూశాడు. ఒకసారి ఆమెని చాకలివాళ్ళు చేరదీసి ఇంటికి పంపారన్నాడు. ఒకసారి నీళ్ళు మోసేవాడే కొత్త బండి తోలుకుంటూ వచ్చి ఎక్కించుకున్నాడన్నాడు. అది నాకు నచ్చింది. ఇదే ఖాయం చేద్దామన్నాను. ఆయన తల అడ్డంగా ఊపాడు. బండి ఒచ్చింది సరే, ఆమె ఎక్కిందని ఎవలు సూసిన్రు అన్నాడు. తల్లికి అంత తేలిగ్గా అల్లి చెప్పే మనిషి, ఏనాటిదో ఎవరో ఊరూపేరూ లేని ఆడమనిషి విషయంలో ఒక్క అబద్ధం ఒప్పుకోలేదు. అదేం లెక్కో నాకు ఈనాటికీ తెలియదు.

ఒక వేసవి పొద్దున డ్యూటీకి లేపితే లేవలేదు. గుండె ఆగిందన్నారు. ముందు రోజు నా దగ్గర మజ్జిగన్నం తిని, ఉప్పు తక్కువైందని వెక్కిరించి పోయిన మనిషి. కంపెనీవాళ్ళు కాగితాల పనిలో పడ్డారు. సామాను తీసుకెళ్ళేదాకా ఫోను నీ దగ్గరుంచమని గదివాళ్ళు నాకిచ్చారు. ఊళ్ళో తల్లికి కబురు అందింది. శుక్రవారం వచ్చింది. వడ్డన అయిపోయింది. ఆ వేళకి ఆ ఫోను మోగింది. ఎప్పుడూ ఆయనే చేసే వేళకి, ఈసారి ఆవిడే చేసింది.

నేను ఎవరో చెప్పాను. అన్నం పెట్టే తమ్మివా, వాడు చెప్తుండె అంది. ఏడుపు లేదు. ఏడ్చి ఏడ్చి గొంతు తడారిపోయినట్టుంది. నెమ్మదిగా అడిగింది.

“నా బిడ్డకు చెప్పిన్రా? అన్న ఎంబడి రమ్మనున్రి. మట్టి పెట్టేటప్పుడన్న తోబుట్టువు ఉండాలె.”

వంటింట్లో రాయచోటి డ్రైవరు ఉన్నాడు, గదివాళ్ళిద్దరు ఉన్నారు. వాళ్ళు నా మొహంలోకి చూస్తున్నారు. డ్రైవరు చేత్తో సైగ చేశాడు, సెలవు దొరకలేదని చెప్పెయ్యి అని. చెప్పబోయాను. నోరు తెరిచాను కూడా. చచ్చినవాడి మీద నాకు పట్టరాని కోపమొచ్చింది. ఇన్నేళ్ళు అల్లింది నువ్వు, ఈ ఒక్క మాట దగ్గర నన్ను వదిలిపోయావేమిటయ్యా అనిపించింది. సెలవు దొరకలేదంటే ఆవిడ ఎదురుచూస్తుంది. ఈ వారం కాకపోతే వచ్చేవారం, ఈ ఏడు కాకపోతే పై ఏడు. ఎదురుచూసి ఎదురుచూసి ఇక్కడ ఒక మనిషి ఎలా అయిపోయాడో నేను చూశాను.

“ఆమె ఇక్కడ లేదమ్మా,” అన్నాను. “ఎక్కడుందో తెలీదు. మీ అబ్బాయి వెతుకుతూనే ఉన్నాడు.”

అటువైపు ఎక్కడో కోడి అరుస్తోంది.

“నాకెర్కనే బిడ్డా,” అంది ఆవిడ. “వారం వారం కనవడ్డదన్నడు, ఒక్కనాడన్న మాట్లాడియ్యలే. తల్లిని, నాకు తెల్వదా? నేను నమ్ముతున్ననంటేనే వాడు దేవులాడుడు ఇడిచిపెట్టడని అన్ని ఇనుకుంటొచ్చిన.”

ఆవిడే మళ్ళీ అంది.

“వాడు లేకపాయె. ఇగ నాకు బిడ్డ ముచ్చట ఎవలు చెప్తరు?”

శవపేటిక వెళ్ళిపోయింది. ఫోను కంపెనీవాళ్ళు సామానుతో పాటు తీసుకెళ్ళారు. నెంబరు మాత్రం నేను నా ఫోన్లో ఎక్కించుకున్నాను. తర్వాతి శుక్రవారం వడ్డన అయ్యాక చేతులు కడుక్కుని వంటింటి మెట్ల మీద కూచున్నాను. రెండుసార్లు నొక్కి రెండుసార్లు కట్టేశాను. నాకు తప్పులు పట్టడం వచ్చు, అల్లడం రాదు. మూడోసారి ఆవిడ ఎత్తింది. అవ్వా, తిన్నావా అన్నాను. తిన్న బిడ్డా అంది.

“చెల్లె పొద్దున కనబడిందవ్వా,” అన్నాను. “బావుంది. వాళ్ళింట్లో వంట కూడా తనే చేస్తోందట ఇప్పుడు.”

అటువైపు ముక్కు చీదుకున్న చప్పుడు వినబడింది.

“ఏం కూరండిందట?” అని అడిగింది.